ఇమామె ఆజమ్ బట్టల దుకాణం

రంజాన్ నెల సగం గడిచిందంటే చాలు, మన ఊళ్లలో బట్టల దుకాణాలు అర్ధరాత్రి దాకా కిటకిటలాడతాయి. తరావీహ్ నమాజు ముగించుకుని కుటుంబాలకు కుటుంబాలే బజారుకు తరలుతాయి. ఆ దుకాణాల్లో చాలాచోట్ల గల్లాపెట్టె వెనుక ఒక బోర్డు వేలాడుతుంటుంది. అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదని దాని మీద రాసి ఉంటుంది. కొందరు అదే మాటను బిల్లు అడుగున చిన్న అక్షరాల్లో అచ్చు వేయిస్తారు. ఇక ఆ బిల్లు కూడా పోగొట్టుకుని వెళ్లినవారి సంగతి చెప్పనక్కర్లేదు.

కొన్నేళ్ల క్రితం పండుగ ఇంకా రెండు రోజులుందనగా, జుమా నమాజు తర్వాత ఒక పెద్దాయన మా దగ్గరికి వచ్చారు. మనవరాలికని కొన్న గుడ్డను ఇంటికి తీసుకెళ్లి విప్పి చూస్తే మధ్య మడతలో నేత జారిపోయి, చిల్లులు పడి ఉందట. వెనక్కి తీసుకెళ్తే దుకాణదారు బిల్లు అడిగాడట. అది ఎక్కడో పడిపోయింది. బిల్లు లేకుంటే మాటే లేదని అతను పంపేశాడు. ఆ దుకాణదారు పరాయివాడు కాదు, అదే మస్జిదులో అదే సఫ్‌లో నిలబడే నమాజీ. పెద్దాయన మమ్మల్ని అడిగింది ఒక్కటే: చీటీ పోతే హక్కు కూడా పోయినట్టేనా?

ఈ ప్రశ్న వినగానే మాకు పన్నెండు వందల ఏళ్లకు పైబడిన నాటి మరో బట్టల దుకాణం గుర్తుకొచ్చింది. ఆ దుకాణదారు ఎవరో కాదు, మన దేశంలో అత్యధిక ముస్లిములు ఎవరి ఫిఖ్‌హ్ ప్రకారం నమాజు, రోజా, నికాహ్, వ్యాపారం నడుపుకుంటున్నారో ఆ ఇమామె ఆజమ్ అబూ హనీఫా (రహ్మలై). ఆయన పేరు తెలియని ముస్లిం ఇల్లు లేదు. కానీ ఆయన జీవితాంతం బట్టల వర్తకులన్న సంగతి మాత్రం మనలో చాలామంది మరచిపోయారు.

బజారు నుండి మస్జిదుకు

ఆయన అసలు పేరు నూమాన్. తండ్రి పేరు సాబిత్. హిజ్రీ 80, అంటే క్రీ.శ. 699లో ఇరాక్‌లోని కూఫా నగరంలో జన్మించారు. పూర్వీకులు పారశీక సంతతివారు. తాత కాబూల్ ప్రాంతం నుండి వచ్చారని ఒక కథనం ఉంది. కూఫా నగరం హజ్రత్ ఉమర్ (ర) ఖిలాఫత్ కాలంలో వెలిసింది. హజ్రత్ అబ్దుల్లాహ్ బిన్ మస్‌ఊద్ (ర) అక్కడ విద్య బోధించారు. హజ్రత్ అలీ (ర) దాన్ని రాజధానిగా చేసుకున్నారు. సహాబాల అడుగులు పడిన ఆ నగరంలో ఒకవైపు విద్యా గోష్ఠులు, మరోవైపు నాలుగు దిక్కుల నుండి సరుకు వచ్చే బజారు ఉండేవి. నూమాన్ బాల్యం ఈ రెంటి మధ్య గడిచింది. దైవప్రవక్త (స) సేవకులైన హజ్రత్ అనస్ బిన్ మాలిక్ (ర)ను ఆయన కళ్లారా చూశారని చరిత్రకారులు రాశారు. అందుకే ఆయన్ను తాబయీలలో లెక్కిస్తారు.

కుటుంబ వృత్తి బట్టల వ్యాపారం. ముఖ్యంగా ఖజ్ అనే ఖరీదైన వస్త్రం అమ్మేవారు. పట్టు, ఉన్ని కలిపి నేసిన గుడ్డ అది. కూఫాలో అమ్ర్ బిన్ హురైస్ (ర) పేరు మీద ఉన్న ప్రాంగణంలో వారి దుకాణం ఉండేది. యువకుడైన నూమాన్‌కు ధ్యాసంతా వ్యాపారం మీదే. రోజూ బజారుకు వెళ్లడం, బేరాలు చూసుకోవడం, ఇంటికి రావడం. ఒకరోజు దారిలో ఆ కాలపు గొప్ప పండితులు ఇమాం షాబీ (రహ్మలై) ఆయన్ను ఆపి ఎక్కడికి వెళ్తున్నావని అడిగారు. బజారుకని నూమాన్ జవాబిచ్చారు. బజారు సంగతి కాదు, ఏ పండితుని దగ్గరికి వెళ్తున్నావని షాబీ మళ్లీ అడిగారు. ఎవరి దగ్గరికీ వెళ్లడం లేదని తెలిసి, నీలో చురుకుదనం కనిపిస్తోంది, విద్యను నిర్లక్ష్యం చేయవద్దని హితవు చెప్పారు. ఆ మాట యువకుని గుండెలో నాటుకుంది.

ఆ తర్వాత ఆయన కూఫా ఫిఖ్‌హ్ పండితులు హమ్మాద్ బిన్ అబీ సులైమాన్ (రహ్మలై) శిష్యరికంలో చేరారు. ఒకటి రెండేళ్లు కాదు, ఉస్తాద్ మరణించే వరకు, 18 ఏళ్లు ఆ గడప వదల్లేదు. మధ్యలో ఒకసారి తానే స్వంతంగా గోష్ఠి పెట్టుకోగలనన్న ఆలోచన వచ్చిందట. సరిగ్గా అప్పుడే హమ్మాద్ గారు పని మీద బస్రా వెళ్తూ తన స్థానంలో ఆయన్నే కూర్చోబెట్టారు. రెండు నెలల్లో 60 కొత్త ప్రశ్నలు వచ్చాయి. జవాబులిచ్చి అన్నిటినీ రాసి ఉంచారు. ఉస్తాద్ తిరిగి వచ్చి చూసి 40 సరైనవన్నారు, 20 కాదన్నారు. ఆ రోజు నుండి ఉస్తాద్ బతికున్నంత కాలం ఆయన్ను విడవనని నూమాన్ ఒట్టు పెట్టుకున్నారు. హిజ్రీ 120లో హమ్మాద్ గారు కన్నుమూశాక శిష్యులందరూ కలిసి ఆయన్నే ఆ స్థానంలో కూర్చోబెట్టారు.

అంత పెద్ద పండితుడైన తర్వాత కూడా దుకాణం మూయలేదు. భాగస్వాములను, గుమాస్తాలను పెట్టి నడిపించారు. పాలకుల ముందు చేయి చాచకుండా, శిష్యుల కానుకల మీద ఆధారపడకుండా బతకాలంటే చేతిలో హలాల్ సంపాదన ఉండాలని ఆయన ఉద్దేశం. ఏడాది పొడవునా వచ్చిన లాభాన్ని పోగుచేసి, ఊళ్లోని హదీసు పండితులకు, పేద విద్యార్థులకు తిండి, బట్ట కొనిపెట్టి, మిగిలిన నగదు కూడా వారికే పంచేవారు. ఇది నా సొమ్ము కాదు, మీ కోసం అల్లాహ్ నా చేతుల మీదుగా నడిపించినది, కృతజ్ఞతలు ఆయనకే చెప్పుకోండని వారికి నచ్చజెప్పేవారు. పేద ఇంటి బిడ్డ అయిన అబూ యూసుఫ్ (రహ్మలై)ను చదువు మాన్పించి పనిలో పెట్టాలని ఇంటివాళ్లు చూస్తే, ఆ కుటుంబ ఖర్చు తానే భరించారు. తర్వాతి కాలంలో ఆ విద్యార్థే ఖలీఫా హారూన్ రషీద్ హయాంలో ప్రధాన ఖాజీ అయ్యారు.

త్రాసులో రెండు వైపులు

ఇక ఆయన దుకాణం ఎలా నడిచేదో చూద్దాం. ఆయన జీవితచరిత్రలు రాసినవారు భద్రపరచిన కొన్ని సంఘటనలు మన వ్యాపారులు, కొనుగోలుదారులు ఇద్దరూ వినదగినవి.

ఒకనాడు ఒక స్త్రీ పట్టుబట్ట ఒకటి అమ్మకానికి తెచ్చింది. వంద దిర్హమ్‌లు చాలంది. ఇది అంతకన్నా విలువైనదని ఇమాం గారు చెప్పారు. ఆమె మరో వంద పెంచింది. ఇంకా ఎక్కువే అన్నారు. అలా నాలుగు వందల దాకా వెళ్లింది. అప్పటికీ ఆయన ఇంకా ఎక్కువే అనేసరికి, తనను ఎగతాళి చేస్తున్నారని ఆమె నొచ్చుకుంది. ధర కట్టడానికి మరో మనిషిని పిలుచుకు రమ్మన్నారు. ఆ మనిషి వచ్చి చూశాక, ఇమాం గారు ఐదు వందలిచ్చి దాన్ని కొన్నారు. అమ్మేవారి అమాయకత్వం తన లాభం కాకూడదన్నది ఆయన పద్ధతి.

మరొకసారి ఒక ముసలమ్మ వచ్చింది. నేను బలహీనురాలిని, బేరాలు తెలియవు, నీకు పడిన ధరకే ఒక బట్ట ఇమ్మని కోరింది. నాలుగు దిర్హమ్‌లిచ్చి తీసుకోమన్నారు. అంత తక్కువా, ముసలిదాన్ని పట్టుకుని హాస్యమాడతావా అని ఆమె కోపగించింది. ఇమాం గారు ఓపిగ్గా లెక్క చెప్పారు. రెండు బట్టలు జతగా కొన్నారు. ఒకటి అమ్మితే మొత్తం పెట్టుబడిలో నాలుగు దిర్హమ్‌లు తప్ప అంతా వచ్చేసింది. కాబట్టి రెండోది తనకు పడింది నాలుగు దిర్హమ్‌లకే. పడిన ధర అడిగినప్పుడు పడిన ధరే చెప్పాలి గదా!

ఆయన భాగస్వామి హఫ్స్ బిన్ అబ్దుర్రహ్మాన్ దూర ప్రాంతంలో సరుకు అమ్మేవారు. ఒకసారి పంపిన సరుకులో ఒక బట్టకు లోపం ఉంది. అమ్మేటప్పుడు అది చూపించి మరీ అమ్మమని ఇమాం గారు ముందే కబురు పెట్టారు. హఫ్స్ గారు మరచిపోయి అమ్మేశారు. కొన్నదెవరో కూడా గుర్తులేదు. సంగతి తెలిసిన ఇమాం గారు ఆ లోపమున్న బట్ట ధరతో సరిపెట్టుకోలేదు. ఆ సరుకు మీద వచ్చిన మొత్తం సొమ్మును సదఖా చేసేశారు. ఇక్కడ ఆలోచించవలసిన విషయం ఒకటుంది. ఆ బట్ట కొన్నవాడు తిరిగి రాలేదు, ఫిర్యాదు చేయలేదు, అసలు అతనికి లోపం సంగతి తెలుసో లేదో కూడా తెలియదు. అయినా ఇమాం గారి దృష్టిలో అతని హక్కు తన మెడ మీద ఉండిపోయింది.

అన్నిటికన్నా మన ప్రశ్నకు దగ్గరైనది మదీనా మనిషి కథ. మనాఖిబ్ గ్రంథాల్లో వచ్చిన కథనం ఇది. ఇమాం గారు దుకాణంలో లేని సమయంలో మదీనా నుండి వచ్చిన ఒక బాటసారి ఒక వస్త్రం కొన్నాడు. దాని ధర 400 దిర్హమ్‌లు. దుకాణంలో ఉన్న మనిషి కొత్త మొహం చూసి వెయ్యికి అమ్మాడు. ఇమాం గారు వచ్చి లెక్క అడిగితే అతను సంతోషంగా చెప్పాడు. నా దుకాణంలో కూర్చుని జనాన్ని మోసం చేస్తావా అని ఆయన మండిపడి, అతణ్ని పనిలో నుండి తీసివేశారు. అంతటితో ఊరుకోలేదు. ఆ కొన్న మనిషిని వెతుక్కుంటూ మదీనా వెళ్లారు. ఒకనాడు మస్జిదులో అదే వస్త్రం కట్టుకుని నమాజు చేస్తున్న మనిషి కనిపించాడు. నమాజు అయ్యాక పలకరించి, ఆ వస్త్రం నాది అన్నారు. అతను ఆశ్చర్యపోయి, దీన్ని నేను కూఫాలో అబూ హనీఫా దుకాణంలో వెయ్యి దిర్హమ్‌లకు కొన్నానన్నాడు. అబూ హనీఫాను చూస్తే గుర్తుపడతావా అని అడిగి, నేనే ఆ మనిషినని చెప్పారు. వస్త్రం తిరిగిచ్చి వెయ్యి తీసుకో, లేదా వస్త్రం ఉంచుకుని 600 తీసుకో అన్నారు. నేను ఎన్నోసార్లు కట్టుకున్నాను, వెయ్యికి నాకు సమ్మతమే అని అతను ఎంత చెప్పినా ఆయన ఒప్పుకోలేదు. 600 అతని చేతిలో పెట్టి గానీ వెనుదిరగలేదు.

అతని దగ్గర రసీదు లేదు. సాక్షి లేడు. అతను అడగనైనా లేదు. అమ్మినవాడే వందల మైళ్లు నడిచి వెళ్లి వాపసు ఇచ్చాడు. చీటీ లేదని కౌంటరు దగ్గర నుండి మనిషిని పంపేసే మనకూ, ఆ దుకాణదారుకూ మధ్య ఉన్న దూరం కూఫా, మదీనాల మధ్య దూరం కంటే ఎక్కువే సుమా!

వాపసు గురించి ఆయన ఫిఖ్‌హ్

ఇమాం గారు కేవలం తఖ్వా ఉన్న వర్తకులే కాదు, వర్తకానికి చట్టం కూర్చిన పండితులు. బజారులో కూర్చున్న అనుభవం ఉంది కనుక ఎక్కడ తగవు పుడుతుందో ఆయనకు తెలుసు. మదర్సాల్లో ఖుదూరీ, హిదాయా చదివిన ప్రతి విద్యార్థి ఆ పాఠాలు చదివే ఉంటాడు. మన పాఠకుల కోసం క్లుప్తంగా చెబుతాం.

మొదటిది ఖియారె షర్త్. కొనేటప్పుడే, నచ్చకపోతే వాపసు చేస్తానని షరతు పెట్టుకోవచ్చు. ఇమామె ఆజమ్ అభిప్రాయంలో దీని గడువు మూడు రోజులు. శిష్యులు అబూ యూసుఫ్, ముహమ్మద్ గార్లు ఇద్దరూ అంగీకరించిన గడువు ఎంతైనా చెల్లుతుందన్నారు. రెండోది ఖియారె రూయత్. చూడకుండా కొన్న వస్తువును చూశాక వద్దనుకునే హక్కు ఇది. బొమ్మ చూసి ఫోనులో సరుకు తెప్పించుకునే నేటి కాలానికి ఇది ఎంతో అవసరమైన మసలా. మూడోది ఖియారె ఐబ్. సరుకులో అమ్మినవాడి దగ్గరున్నప్పటి నుండే లోపం ఉండి, కొన్నవాడికి తెలియకపోతే, ముందుగా ఏ షరతూ లేకపోయినా వాపసు చేసే హక్కు దానంతట అదే వస్తుంది. అయితే కొన్నవాడి దగ్గర కొత్తగా మరో లోపం చేరితే, ఉదాహరణకు గుడ్డను కత్తిరించేస్తే, అమ్మినవాడు ఒప్పుకుంటే తప్ప వాపసు చేయడం కుదరదు. పాత లోపం వల్ల తగ్గిన విలువ మేరకు డబ్బు మాత్రం రాబట్టుకోవచ్చు. ఇద్దరిలో ఎవరికీ అన్యాయం జరగని ఏర్పాటు ఇది.

అమ్మేవాడు ఏ లోపానికీ నా బాధ్యత లేదని స్పష్టంగా చెప్పి, కొనేవాడు తెలిసి ఒప్పుకుంటే హనఫీ ఫిఖ్‌హ్‌లో ఆ బేరం చెల్లుతుంది. కానీ తనకు తెలిసిన లోపాన్ని దాచిపెట్టడం మాత్రం ఏ బోర్డు తగిలించినా పాపమే.

నాలుగోది ఇఖాలా. ఇందులో లోపం లేదు, షరతూ లేదు. కొన్నవాడు పశ్చాత్తాపపడ్డాడు, అంతే. రంగు నచ్చలేదు, డబ్బు అవసరం పడింది, ఇంట్లో ఒప్పుకోలేదు. అతను వచ్చి అడిగితే అమ్మినవాడు బేరం రద్దు చేసుకోవడాన్ని ఇఖాలా అంటారు. ఇది తప్పనిసరి కాదు, ఉపకారం. కానీ ఎంతటి ఉపకారమంటే, ఒక ముస్లిం బేరాన్ని ఇలా వాపసు తీసుకున్నవాడి పొరపాట్లను ప్రళయ దినాన అల్లాహ్ క్షమిస్తాడన్న భావం గల హదీసు అబూ దావూద్, ఇబ్నె మాజా గ్రంథాల్లో ఉంది. ఇమామె ఆజమ్ అభిప్రాయంలో, సరుకు ఉన్నది ఉన్నట్టుగా ఉంటే ఇఖాలా మొదటి ధరకే జరగాలి. తగ్గించి ఇస్తానన్న షరతు చెల్లదు. వాపసు తీసుకుంటాం గానీ వందకు పది కోస్తామనే దుకాణదారులు ఈ మసలా గుర్తుంచుకోవాలి. 17వ శతాబ్దంలో ఔరంగజేబు కాలంలో కూర్చిన ఫతావా ఆలంగీరీలో కూడా ఇఖాలాకు ప్రత్యేక అధ్యాయం ఉంది.

మరి రసీదు సంగతి? దివ్య ఖుర్ఆన్‌లో అన్నిటికన్నా పొడవైన ఆయతు, బఖరా సూరా 282వ ఆయతు, లావాదేవీలు రాసుకోవడం గురించే అవతరించింది. అప్పులు రాసుకోమని అందులో ఆదేశం ఉంది. చేతికి చేయి జరిగే నగదు బేరం రాసుకోకపోయినా తప్పు లేదని, అయితే అమ్మకాలప్పుడు సాక్షులను పెట్టుకోమని కూడా ఉంది. కాబట్టి బిల్లు ఇవ్వడం, తీసుకోవడం, భద్రపరచుకోవడం మంచి అలవాటు. మన తల్లులు, చెల్లెళ్లు బిల్లును గుడ్డ సంచీతోపాటు పారేయకుండా పండుగ అయ్యేదాకా దాచుకోవాలి.

తగవు వస్తే సాక్ష్యం చూపవలసింది దావా చేసినవాడు. అతని దగ్గర సాక్ష్యం లేకపోతే, కాదన్నవాడు అల్లాహ్ పేరు మీద ఒట్టు వేయాలి. అసలు మెలిక ఇక్కడే ఉంది. చీటీ పోయిన మనిషి దావా చీటీతో పాటు చచ్చిపోదు. అది దుకాణదారు ఒట్టు మీదికి వస్తుంది. ఆ గుడ్డ తన దుకాణానిదేనని అతని గుండెకు తెలిస్తే, బిల్లు లేదనే మాట మనుషుల ముందు గెలిపిస్తుందేమో గానీ అల్లాహ్ ముందు గెలిపించదు.

సాక్షి లేని సొమ్ము

సాక్ష్యం లేని మనిషి బాధ ఇమాం గారికి బాగా తెలుసనడానికి మరో సంఘటన చెబుతారు. కూఫాలో ఒకడు హజ్జ్‌కు వెళ్తూ తన సొమ్మును పెద్దమనిషిగా పేరున్న ఒకరి దగ్గర అమానతు పెట్టాడు. రాసుకోలేదు, సాక్షులను పెట్టలేదు. తిరిగి వచ్చి అడిగితే ఆ పెద్దమనిషి నువ్వెవరో నాకు తెలియదన్నాడు. బాధితుడు ఇమాం గారి దగ్గరికి వచ్చాడు. ఈ సంగతి ఎవరికీ చెప్పవద్దని అతనితో చెప్పి, ఆ పెద్దమనిషిని ఏకాంతంగా పిలిపించారు. ఖాజీ పదవికి తగిన మనిషి కోసం నన్ను అడుగుతున్నారు, మీకు ఆసక్తి ఉందా అని అడిగారు. అతను పైకి మొహమాటపడుతూనే లోపల ఉబ్బిపోయాడు. తర్వాత ఇమాం గారు బాధితుణ్ని మళ్లీ పంపి, ఫలానా గుర్తుతో సొమ్ము ఇచ్చానని జ్ఞాపకం చేయమన్నారు. పదవి వచ్చే ముందు పరువు పోకూడదనుకున్న ఆ మనిషి, ఇప్పుడు జ్ఞాపకం వచ్చిందంటూ సొమ్ము తెచ్చి ఇచ్చేశాడు. ఆపైన పదవి కోసం వస్తే, మీ స్థాయికి ఇది చిన్నది, ఇంకా పెద్దది వచ్చినప్పుడు చూద్దామని ఇమాం గారు సాగనంపారు. ప్రజలు తమ అమానతులను ఇమాం గారి దగ్గరే ఎందుకు పెట్టేవారో దీన్ని బట్టి అర్థమవుతుంది.

ముద్ర వేయని చేయి

ఇంతటి నమ్మకస్తుడి పేరును పాలకులు కూడా కోరుకున్నారు. ఉమయ్యాల చివరి రోజుల్లో ఇరాక్ గవర్నరు ఇబ్నె హుబైరా ఆయనకు ప్రభుత్వ ముద్ర అప్పగించాలని చూశాడు. ఆయన ముద్ర లేకుండా ఏ ఫర్మానా బయటికి వెళ్లకూడదు, బైతుల్‌మాల్ నుండి సొమ్ము కదలకూడదు. మిగతా పండితులు ఒప్పుకోమని బతిమాలారు. ఆయన ఒప్పుకోలేదు. వాసిత్ మస్జిదు తలుపులు లెక్కపెట్టమన్నా ఆ గవర్నరు కోసం చేయనన్నారు. అతను ఒక నిరపరాధి తల తీయమని రాస్తే దాని మీద తాను ముద్ర వేయాలా అన్నది ఆయన భయం. ఫలితంగా కొరడా దెబ్బలు తిన్నారు. హిజ్రీ 130 ప్రాంతంలో మక్కా వెళ్లిపోయి, అబ్బాసీల రాజ్యం వచ్చాక గానీ తిరిగి స్థిరపడలేదు.

అబ్బాసీ ఖలీఫా మన్సూర్ కూడా అదే పట్టు పట్టాడు. బాగ్దాద్ పిలిపించి ఖాజీ పదవి తీసుకోమన్నాడు. నేను దానికి తగనని ఇమాం గారు చెప్పారు. అబద్ధమాడుతున్నావని ఖలీఫా గద్దించాడు. అయితే నిర్ణయం అయిపోయింది, అబద్ధమాడేవాడు ఖాజీగా ఎలా తగుతాడని ఆయన జవాబిచ్చారు. ఖలీఫా ఆయన్ను జైల్లో పెట్టించాడు. హిజ్రీ 150, క్రీ.శ. 767లో ఆయన బాగ్దాద్‌లో పరమపదించారు. జనాజాకు జనం ఎంతగా విరగబడ్డారంటే, నమాజు పలుమార్లు చేయవలసి వచ్చింది. ఎవరి దగ్గరా బలవంతంగా లాక్కోని నేలలోనే తనను ఖననం చేయాలని వసీయతు చేశారని, అందుకే ఖైజురాన్ ఖబరస్తాన్‌లో చోటు ఎంచారని చరిత్రకారులు రాశారు. బట్ట అమ్మినా, చివరికి పడుకునే మట్టి అయినా, హక్కు తేలని వస్తువు ఆయనకు పనికిరాలేదు. ఆయన సమాధి ఉన్న పేటను బాగ్దాద్‌లో నేటికీ ఆజమియా అనే పిలుస్తారు.

మన బజారుకు తిరిగి వస్తే

మళ్లీ ఆ పెద్దాయన దగ్గరికి వద్దాం. మసలా చెప్పి పంపేసి ఉంటే మా పని అయిపోయేది. కానీ మనసొప్పక, అస్ర్ తర్వాత ఆయనతోపాటు ఆ దుకాణానికి వెళ్లాం. దుకాణదారు మర్యాదగానే కూర్చోబెట్టాడు. తన గోడు కూడా చెప్పుకున్నాడు. పెళ్లికి ఒక పూట కట్టుకుని, అత్తరు వాసనతోనే చీర వాపసు తెచ్చినవారున్నారట. పక్క వీధిలో కొన్న గుడ్డ తెచ్చి ఇక్కడిదేనని ఒట్టు పెట్టినవారున్నారట. అందుకే ఆ బోర్డు పెట్టానన్నాడు. అతని మాటలో నిజం లేకపోలేదు. కొనేవాళ్లు చేసే మోసం కూడా మోసమే. వాడిన బట్టను వాడలేదని చెప్పి వాపసు చేసినవారు, చీటీ లేని నిజమైన మనిషి నోటికి తాళం వేస్తున్నారు. ఆ పాపంలో వారికీ వాటా ఉంది.

మేము అతనికి మదీనా మనిషి కథ చెప్పాం. కాసేపు మాట్లాడలేదు. తర్వాత గుడ్డను వెలుతురులోకి తెచ్చి, అంచు తిప్పి చూశాడు. తన తానులోదేనని గుర్తుపట్టాడు. కొత్త ముక్క కొలిచి, కత్తిరించి ఇచ్చాడు. ఆ రాత్రే గుడ్డ దర్జీ చేతికి చేరింది. మనవరాలు పండుగకు కొత్త బట్టలు కట్టుకుంది. బోర్డు మాత్రం మరుసటి ఏడాది కూడా అక్కడే ఉంది. మనుషులు ఒక్క రోజులో మారరు.

మన దేశ చట్టం కూడా ఈ విషయంలో మౌనంగా లేదు. 2020 జూలై 20న అమల్లోకి వచ్చిన 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం బిల్లు ఇవ్వకపోవడం అనుచిత వ్యాపార పద్ధతి. లోపమున్న సరుకును బిల్లులో రాసిన గడువులోపు, గడువు రాయకపోతే 30 రోజుల్లోపు వాపసు తీసుకుని డబ్బు ఇవ్వడానికి నిరాకరించడం కూడా అంతే. వినియోగదారుల కమిషన్ తలుపు తట్టే హక్కు అందరికీ ఉంది. కానీ చట్టానికి ఆధారం కావాలి, కాగితం కావాలి. కాగితం లేనిచోట మిగిలేది అమ్మేవాడి మనసు, కొనేవాడి మాట.

అందుకే వ్యాపారం చేసే సోదరులకు మా విన్నపం ఇది. అడగకుండానే బిల్లు ఇవ్వండి. లోపం మీకు తెలిస్తే ముందే చూపించండి. చీటీ పోయిందని వచ్చిన మనిషిని తరిమే ముందు గుడ్డను ఒకసారి వెలుతురులో చూడండి. కొనే సోదరులకు, సోదరీమణులకు కూడా ఒక మాట. వాపసు తీసుకెళ్లే వస్తువు గురించి ఉన్నది ఉన్నట్టు చెప్పండి. వాడి ఉంటే వాడామని చెప్పండి. మన ఇమాం గారి పేరు చెప్పుకుని నమాజులో చేతులు ఎక్కడ కట్టుకోవాలో వాదించుకుంటాం. ఆ చేతులతోనే ఆయన గజం కొలిచారని, ఆ కొలతలో అణువంత తేడా రానివ్వలేదని కూడా గుర్తుంచుకుందాం.

అల్లాహ్ ఇమామె ఆజమ్ (రహ్మలై)పై తన కారుణ్యాన్ని కురిపించుగాక. మన సంపాదనను హలాల్ చేసి, మన బేరాల్లో బర్కతును, మన మాటల్లో సత్యాన్ని ప్రసాదించుగాక. ఆమీన్.